ఫుట్‌బాల్ ఆటగాని జీవిక: తులసీదాస్ బలరాం చరిత్ర

ఆటగాని కీర్తిని గురించి మనము చెప్పుకొనే మాటలు ఎక్కువ. అతని జీవికను గురించి చెప్పుకొనేవి తక్కువ. మైదానములో తొంభై నిమిషములు అతనిని చూచి కేరింతలు కొట్టిన జనము, మిగిలిన కాలములో అతడు ఏమి తిని బ్రతుకుతున్నాడని సాధారణముగా అడుగదు. జమ్మికుంట పత్తి మార్కెట్టులో మూటలు మోసే హమాలీని అడిగితే సీజను విలువ తెలుస్తుంది. పత్తి వచ్చే నెలలలో చేతినిండ పని. ఆ మీద పని పలుచబడుతుంది. వీపు పనిచేసినన్నినాళ్లే కూలి. ఆటగాని సీజను ఇంతకంటె చిన్నది. పదేండ్లు కాలు సాగితే అదృష్టవంతుడు. ఆ తరువాత యేమి? ఈ ప్రశ్న మన హైదరాబాదు ఫుట్‌బాల్ చరిత్రకు మూలములో ఉన్నది.

ఫుట్‌బాల్ పుట్టిన ఇంగ్లండులోనే ఈ ప్రశ్న మొదట తలయెత్తింది. ఆట ఆడినందుకు డబ్బు పుచ్చుకొనుట పెద్దమనుషుల మర్యాదకు తగదని అక్కడి పెద్దలు చాలకాలము వాదించినారు. కాని గనులలోను, మిల్లులలోను పనిచేసేవాడు ఒకపూట పని మానితే ఆ పూట కూలి పోతుంది. అతనికి ఆ నష్టము ఇవ్వక తప్పదని గ్రహించి 1885లో ఇంగ్లీషు ఫుట్‌బాల్ సంఘము వృత్తి ఆటగాండ్రను అంగీకరించింది. అట్లని ప్రతి ఆటగాడును ఆటతోనే బ్రతకలేదు. పెద్ద లీగులకు క్రింద ఉన్న క్లబ్బులలో వేలకొలది యువకులు పగలు కార్ఖానాలోనో ఆఫీసులోనో పనిచేసి, శనివారము బంతి ఆడి, కొద్దిపాటి ప్రతిఫలము తీసుకొన్నారు. వీరిని అర్ధవృత్తి ఆటగాండ్రనవచ్చును. పూర్తి వృత్తి ఆటగానికి సైతము 1961 జనవరి వరకు వారానికి ఇరువది పౌన్లకు మించి జీతము ఇవ్వరాదనే కట్టడి ఉండేది. వృత్తి ఆటగాడు, ఔత్సాహికుడు అనే భేదమును ఆ సంఘము 1974లో గాని తీసివేయలేదు.

మన దేశములో ఈ అర్ధవృత్తికి మరియొక రూపము ఏర్పడినది. ఇక్కడ ఆటగానిని పోషించినది టిక్కెట్టు డబ్బు కాదు, సర్కారు నౌకరీ. ఇందుకు హైదరాబాదు సిటీ పోలీసు జట్టు గొప్ప ఉదాహరణము. పోలీసు శాఖలో ఉద్యోగము, నెలజీతము, దానితోపాటు అభ్యాసానికి వ్యవధి: ఈ ఏర్పాటు వల్ల ఒకే జట్టు ఏండ్ల తరబడి కలిసి ఆడగలిగింది. ఆ జట్టుకు శిక్షకుడు సయ్యద్ అబ్దుల్ రహీం. 1909లో జన్మించిన ఆయన ఉస్మానియా పట్టభద్రుడు, వృత్తిచేత బడిపంతులు. ఆటగాండ్రకు పోలీసు జీతము, గురువుకు పంతులు జీతము. ఇక ఫుట్‌బాల్ మాత్రము అందరికీ ప్రాణము. ఈ జట్టు బొంబాయిలోని రోవర్స్ కప్పును 1950 మొదలు 1954 వరకు వరుసగా అయిదేండ్లు గెలిచింది. 1888లో సిమ్లాలో ఆరంభమైన డ్యూరాండ్ కప్పును 1950లోను, 1954లోను, 1957లోను గెలుచుకొన్నది. ఆంధ్రప్రదేశ్ పోలీసు అనే పేరుతో 1961లో మరల గెలిచింది.

ఈ వాతావరణములో పెరిగినవాడు తులసీదాస్ బలరాం. 1936లో సికిందరాబాదు దండు ప్రాంతమున అమ్ముగూడలో ఒక పేద తమిళ కుటుంబములో జన్మించినాడు. దండు మైదానములలో సిపాయిల ఆట చూచి బంతి నేర్చినాడు. స్థానికముగా రైడర్స్ క్లబ్బు పక్షమున ఆడుతున్న ఈ బక్కపలుచని కుర్రవానిపై రహీం గారి దృష్టి పడినది. అమ్ముగూడనుండి నగరానికి అభ్యాసమునకు రావడానికి దారిఖర్చులు లేవని కుర్రవాడు చెప్పగా, సైకిలు అద్దెకు డబ్బు ఆయనే ఇచ్చి రప్పించినారని ప్రసిద్ధి. ఒక గొప్ప ఫార్వర్డు జీవితము సైకిలు అద్దె దగ్గర ఆగిపోవలసినదే. ఎందరు కుర్రవాండ్ర జీవితములు అక్కడనే ఆగిపోయినవో లెక్క వ్రాసినవారు లేరు.

1956లో బలరాం హైదరాబాదు జట్టులో స్థానము పొందినాడు. ఆ జట్టు ఆ సంవత్సరపు సంతోష్ ట్రోఫీని గెలుచుకొన్నది. అదే ఏట ఇరువది యేండ్ల ప్రాయమున మెల్‌బోర్న్ ఒలింపిక్సుకు పోయిన భారత జట్టులో అతడు ఒకడు. అప్పటి ఒలింపిక్సు నియమము ప్రకారము వృత్తి ఆటగాండ్రకు అందులో ప్రవేశము ఉండేది కాదు. బ్రిటన్ తన పేరుమోసిన వృత్తి ఆటగాండ్రను పంపలేక, ఔత్సాహికులను పంపి బల్గేరియా చేతిలో 1-6తో ఓడినది. మనవారు ఆస్ట్రేలియాను 4-2తో ఓడించి సెమీఫైనలుకు చేరినారు. చివరకు నాలుగవ స్థానము పొందినారు. 1952లో హెల్సింకిలో యుగోస్లావియా చేతిలో 1-10తో చితికిన జట్టు, నాలుగేండ్ల తరువాత అదే యుగోస్లావియాపై మొదటి గోలు తానే వేసి, 1-4తో ఓడింది. ఓటమి ఓటమే, కాని ఆ అంకెల నడుమ ఒక గురువు కృషి కనిపిస్తుంది.

1957లో బలరాం హైదరాబాదు విడిచి కలకత్తాలోని ఈస్ట్ బెంగాల్ క్లబ్బులో చేరినాడు. దీనిని కొందరు ద్రోహమనవచ్చును. కాని ఆలోచింపవలసిన సంగతి ఉన్నది. కలకత్తా క్లబ్బులు పేరునకు ఔత్సాహిక సంఘములే అయినను, ఆటగానికి ఆదరణ, ఆదాయము అక్కడ లభించేవి. సాయంకాలము మైదానము నిండేది. పేద యింటి బిడ్డ తన కాలిసత్తువ ఉన్నంతలో నాలుగు రూకలు కూడబెట్టుకొనుట తప్పని ఎవరనగలరు? అక్కడ అతడు ముందువరుసలో ఎడమవైపున మెరిసినాడు. బంతిని పాదము క్రింద నిలిపి, ఎదుటివానిని ఒకవైపు వంచి, మరియొకవైపు జారిపోయే నేర్పు అతనిది. 1961లో ఈస్ట్ బెంగాలుకు నాయకుడై కలకత్తా లీగును గెలిపించినాడు. ఆ లీగులో అందరికంటె ఎక్కువగా 23 గోలులు వేసినాడు.

1960లో రోము ఒలింపిక్సులో మన జట్టు హంగరీ, ఫ్రాన్సు, పెరూ దేశములతో తలపడినది. హంగరీపై 1-2తోను, పెరూపై 1-3తోను ఓడినది. ఆ రెండు ఆటలలోను మనకు దక్కిన ఒక్కొక్క గోలు బలరాం వేసినదే. ఫ్రాన్సుతో ఆట 1-1తో సమమైనది. 1962లో జకార్తా ఆసియా క్రీడలలో రహీం గారి శిక్షణలో మన జట్టు మొదటి ఆటలో దక్షిణ కొరియా చేతిలో 0-2తో ఓడి, ఫైనలులో అదే కొరియాను 2-1తో గెలిచి స్వర్ణపతకము తెచ్చినది. ప్రేక్షకులు మనకు ప్రతికూలముగా ఉన్న మైదానములో సాధించిన విజయమది. పి.కె. బెనర్జీ, చునీ గోస్వామి, బలరాం అనే ముగ్గురి పేర్లు నాటినుండి ఒకే ఊపిరిలో పలుకబడినవి. బలరాంకు 1962 సంవత్సరపు అర్జున పురస్కారము లభించింది.

మరుసటి ఏడే కథ మారినది. 1963 జూన్ 11న రహీం గారు క్యాన్సరుతో కన్నుమూసినారు. ఆ యేడాదిలోనే ఊపిరితిత్తుల వ్యాధి వచ్చి బలరాం మైదానము వదలవలసి వచ్చినది. అప్పటికి అతనికి ఇరువదియేడేండ్లు. అప్పుడు అతనిని ఆదుకొన్నది కప్పులు కావు, పతకములు కావు. బెంగాల్ నాగపూర్ రైల్వే జట్టు ద్వారా లభించిన రైలు ఉద్యోగము. అతడు తిరిగి అమ్ముగూడకు రాలేదు. కలకత్తా దగ్గర ఉత్తరపాడాలో శేషజీవితము గడిపినాడు. 2023 ఫిబ్రవరి 16న ఎనుబదియారవ యేట మరణించినాడు.

ఆ ముగ్గురి జీవికలను ఒకచోట పెట్టి చూస్తే ఒక సత్యము తెలుస్తుంది. బెనర్జీ ఈస్టర్న్ రైల్వే ఉద్యోగి. గోస్వామి బ్యాంకు ఉద్యోగి. బలరాం రైల్వే ఉద్యోగి. ఆసియా విజేతలు ముగ్గురును నెలజీతముపై ఆధారపడినవారే. గోస్వామికి 1983లో, బెనర్జీకి 1990లో పద్మశ్రీ లభించింది, బలరాంకు లభించలేదు. సొంత ప్రాంతమును విడిచిపోయినవానిని ఇటువారు తమవానిగా ఎంచలేదు. పరప్రాంతమునుండి వచ్చినవాడని అటువారు సంపూర్ణముగా తమలో కలుపుకొనలేదు. పొట్టకూటికి వలసపోయిన ప్రతివాని కథలోను ఈ భాగము ఉన్నదని ఉత్తర తెలంగాణ కుటుంబములకు వేరే చెప్పనక్కరలేదు.

1965లో ఆంధ్రప్రదేశ్ జట్టు సంతోష్ ట్రోఫీని గెలిచింది. ఆ తరువాత ఆ కప్పు తెలుగునాటికి రాలేదు. రహీం వంటి గురువు లేకపోవుట ఒక కారణము. మెరికల వంటి ఆటగాండ్రు కలకత్తాకు తరలిపోవుట మరియొకటి. నౌకరీ ఇచ్చి ఆటను పోషించే ఏర్పాటు సడలిపోవుట మూడవది. ఈ మూడింటిలో మొదటిది దైవాధీనము. తక్కిన రెండును మనుష్యుల చేతిలోనివి.

హైదరాబాదునుండి ఢిల్లీవైపు పోయే ఇనుపదారి కాజీపేట దాటి జమ్మికుంట మీదుగానే పోతుంది. ఆ పట్టాల ప్రక్క మైదానములో సాయంకాలము బంతి తన్నే పిల్లలలో ఒకనికి కాళ్లలో విద్య ఉండవచ్చును. అతనిని కనిపెట్టే ఒక పంతులు, అభ్యాసమునకు వచ్చిపోయే దారిఖర్చు, ఆట ముగిసిన తరువాత చేతికి ఒక పని: ఈ మూడును ఉంటే అతడు ఆడుతాడు. పతకము వచ్చినపుడు చప్పట్లు కొట్టుట తేలిక. సైకిలు అద్దె ఇచ్చుట అంతకంటె గొప్ప పని.