గూడ్సుబండి ఎవరిది? – వాగ్గేయకారిణిగా లిబ్బా కాటెన్

‘సింగర్ సాంగ్‌రైటర్’ అనే మాటను తెలుగులో గాయక కవి అని రాసేవాళ్లున్నారు. నాకైతే వాగ్గేయకారుడు అన్న పాతమాటే సరిగ్గా అతుకుతుందనిపిస్తుంది. మాట, వరస రెండూ తనవే అయినవాడు. మన దగ్గర ఆ హోదాకు పాటలోపలే సాక్ష్యం ఉంటుంది, అదే ముద్ర. త్యాగయ్య తన పేరే పెట్టుకున్నాడు, క్షేత్రయ్య మువ్వగోపాలుణ్ని పెట్టాడు. తాటాకు చెదలు తిన్నా, రాగిరేకు కనబడకపోయినా పాట చేసినవారి ఆనవాలు చరణంలో మిగులుతుంది. ముద్ర లేని పాట నోళ్లలో పడి ఊళ్లు తిరిగిందంటే కొన్నాళ్లకు ‘జానపదం’ అయిపోతుంది. పాటకు అది గౌరవమే. చేసిన మనిషి బతికి ఉండగానే, ఆమెకు చెప్పకుండా ఆ పని జరిగితే మాత్రం దాన్ని వేరే పేరుతో పిలవాలి. అమెరికన్ నల్లజాతి గాయని ఎలిజబెత్ కాటెన్ ఉదంతం అలాంటిది.

ఆమెను గురించి రాసేవాళ్లు సాధారణంగా ఒకటే కథ చెబుతారు: పనిమనిషిగా ఉన్న ముసలమ్మను ఒక సంగీత కుటుంబం ‘కనిపెట్టింది’ అని. ఈ కథ అబద్ధమేమీ కాదు. కాకపోతే అందులో కర్తృత్వం కనిపెట్టినవాళ్ల వైపు జరిగిపోతుంది. ఆమె అప్పటికి దాదాపు యాభై ఏళ్ల కిందటే పాట కట్టిన మనిషి అన్న సంగతి వెనకబడుతుంది. ఈ వ్యాసం ఆ వరసను తిరగేసి చూస్తుంది.

అన్న బాంజో, తన గిటారు

ఎలిజబెత్ 1893 జనవరి 5న ఉత్తర కరొలైనా రాష్ట్రంలో, చాపెల్ హిల్ పక్కనున్న కార్‌బరోలో పుట్టింది. ఇంట్లో ఆమెను ముద్దుపేర్లతోనే పిలిచేవారు. బడికి వెళ్లిన తొలిరోజు పంతులమ్మ పేరడిగితే ‘ఎలిజబెత్’ అని తనకు తానే చెప్పుకుందట. తన పేరు తానే పెట్టుకున్న పిల్ల అన్నమాట. తర్వాతి కథ చదివేటప్పుడు ఈ సంగతి గుర్తుంచుకోవాలి.

అన్నకు ఒక బాంజో ఉండేది. అతను పనికి వెళ్లగానే చెల్లెలు దాన్ని తీసి వాయించేది, తీగలు తెంపేది, దొరికిపోయేది. చిన్నప్పుడే బడి మానేసి తెల్లవారి ఇంట్లో పనికి కుదిరింది. జీతం నెలకు 75 సెంట్లు. ఆ డబ్బు కూడబెట్టి 3 డాలర్ల 75 సెంట్లకు స్టెల్లా గిటారు కొనుక్కుంది. లెక్క వేస్తే సరిగ్గా ఐదు నెలల జీతం.

ఆమె వాదనం గురించి కాస్త నిదానంగా చెప్పాలి. గిటారును మామూలుగా పట్టుకుంటే లావు తీగలు పైన, బొటనవేలి దగ్గర ఉంటాయి. సన్నవి కింద ఉంటాయి. కుడి బొటనవేలు మంద్రస్వరాలను తాళం తప్పకుండా మోగిస్తుంటే తక్కిన వేళ్లు వరస పలికిస్తాయి. ఎడమచేతివాటం ఉన్నవాళ్లు తీగలన్నీ విప్పి తిరగేసి కట్టుకుంటారు. కానీ అన్న బాంజోకు చాటుగా తీగలు మార్చి కట్టడం ఈ పిల్లకు కుదిరే పని కాదు. అందుకని వాయిద్యాన్నే తిరగేసి పట్టింది. గిటారు సొంతదయ్యాక కూడా ఆ అలవాటు మారలేదు. దాంతో లావు తీగలు కిందికీ, సన్నవి పైకీ వచ్చాయి. చూపుడువేలు మంద్రం వేస్తుంది, బొటనవేలు పాట పాడుతుంది. అందరిలా కాక మంద్రస్వరం కిందినుంచి పైకి లాగిన మీటుతో మెత్తగా వస్తుంది. వరస బొటనవేలి కండ బరువుతో గుండ్రంగా, నిండుగా దిగుతుంది. ఆమె రికార్డులు వింటే పాట లోపల ఒక సన్నటి ఊపు ఆగకుండా నడుస్తున్నట్టు ఉంటుంది. ఆ ఊపు ఈ తలకిందుల పట్టులోంచే వచ్చిందని నా అభిప్రాయం. ఈ పద్ధతికి తర్వాత ‘కాటెన్ పికింగ్’ అని ఆమె పేరే స్థిరపడింది. కుడిచేతివాళ్లు దాన్ని అనుకరించగలరు కానీ ఆ నాదాన్ని పూర్తిగా పట్టలేరు. ముద్ర మాటల్లోనే ఉండనక్కర్లేదని ఇక్కడ తెలుస్తుంది. ఆమె సంతకం వేళ్లలో ఉంది.

వాళ్ల ఇంటి దగ్గర్లోనే రైలుపట్టాలుండేవి. పదకొండు, పన్నెండేళ్ల వయసులో ఆ పట్టాల మీద పోయే గూడ్సుబండి మీద ఆమె కట్టిన పాటే ‘ఫ్రైట్ ట్రెయిన్’. పారిపోవాలన్న కోరిక, చచ్చాక కూడా ఆ రైలు చప్పుడు వినాలన్న కోరిక రెండూ ఆ చిన్నపాటలో పక్కపక్కనే ఉంటాయి. పన్నెండేళ్ల పిల్లకు సమాధి ఊసెందుకని అడగవచ్చు. చర్చి పాటల మధ్య పెరిగిన పిల్లకు అది కొత్త ఊసు కాదు.

చర్చి, వంటిల్లు

1910లో, పదిహేడో ఏట ఫ్రాంక్ కాటెన్‌తో పెళ్లయింది. లిల్లీ అనే కూతురు పుట్టింది. చర్చి పెద్దలు లోకపు పాటలు మానుకొమ్మన్నారు. ఆమె మానుకుంది. పాతికేళ్లకు పైగా, చర్చిలో ఎప్పుడైనా వాయించడం తప్పిస్తే, గిటారు ముట్టలేదు. జీవితచరిత్రల్లో ఈ భాగం ఒక్క పేరాలో దాటిపోతుంది. నిజానికి ఒక కళాకారిణి వయసులో దాదాపు సగం అందులోనే ఉంది. ఇళ్లు తుడవడం, వంట, కూతుర్ని పెంచడం, తర్వాత విడాకులు, వాషింగ్టన్‌కు మకాం.

1940లలో వాషింగ్టన్‌లోని లాన్స్‌బర్గ్స్ అనే పెద్ద దుకాణంలో బొమ్మలు అమ్ముతుండగా ఒక చిన్నపిల్ల తప్పిపోయి కనిపించింది. కాటెన్ ఆ పిల్లను తల్లి దగ్గర చేర్చింది. ఆ పిల్ల పెగ్గీ సీగర్, తల్లి రూత్ క్రాఫర్డ్ సీగర్. ఈ పరిచయంతోనే కాటెన్ వాళ్లింట్లో వంటకూ, ఇంటిపనికీ కుదిరింది. ‘లిబ్బా’ అన్న ముద్దుపేరు పెగ్గీ పెట్టిందే.

ఆ ఇల్లు ఎలాంటిదో తెలిస్తే ఈ కథలోని వింత బోధపడుతుంది. ఇంటాయన చార్లెస్ సీగర్ పేరుపొందిన సంగీతశాస్త్రవేత్త. జానపద గాయకుడు పీట్ సీగర్ ఆయన మొదటి భార్య కొడుకు. రూత్ ఆధునిక స్వరకర్త, స్వరరచనకు గుగన్‌హైమ్ ఫెలోషిప్ పొందిన తొలి మహిళ. లోమాక్స్ తండ్రీకొడుకులు ఊరూరా తిరిగి రికార్డు చేసుకొచ్చిన పాటలకు స్వరలిపి రాసింది ఆమే. ఆ సంపుటం ‘అవర్ సింగింగ్ కంట్రీ’ 1941లో వచ్చింది. 1948లో పిల్లల కోసం జానపద గేయాల పుస్తకం వేసింది. అంటే దక్షిణాది రాష్ట్రాల పల్లెపాటల కోసం చెవి రిక్కించి కూర్చున్న ఇల్లు అది. ఆ పల్లెపాట కట్టిన మనిషి ఆ ఇంటి పొయ్యి దగ్గర రొట్టెలు కాలుస్తోంది. గోడకు వేలాడే గిటారు ఆమె ఒకరోజు తీసుకుని వాయిస్తుండగా పిల్లలు వినేదాకా ఆ సంగతి బయటపడలేదు. నేను ఎవరినీ తప్పుపట్టడం లేదు. సేకరణకు బయల్దేరేవాడి చూపు ఎప్పుడూ దూరపు ఊళ్ల మీదే ఉంటుంది. మన దగ్గరా అంతే కదా!

లండన్‌లో మారిన పేరు

1956లో పెగ్గీ లండన్ వెళ్లింది. ఇంట్లో నేర్చుకున్న ‘ఫ్రైట్ ట్రెయిన్’ అక్కడ పాడింది. అప్పుడు ఇంగ్లండులో స్కిఫిల్ ఊపు మీద ఉంది. చౌక గిటార్లు, బట్టలుతికే రేకు, టీ పెట్టెతో చేసిన బాస్, అమెరికన్ పాటలు: ఇదీ స్కిఫిల్. చాస్ మెక్‌డెవిట్ బృందం, నాన్సీ విస్కీ గొంతుతో 1957లో ఈ పాటను రికార్డుగా తెస్తే బ్రిటిష్ జాబితాలో అయిదో స్థానానికి వెళ్లింది. బీటిల్స్ పుట్టకముందు లివర్‌పూల్ కుర్రాళ్ల క్వారీమెన్ బృందం కూడా దీన్ని పాడింది. రికార్డు మీద రచయితలుగా వేరే ఇద్దరి పేర్లున్నాయి. కాటెన్ పేరు లేదు.

ఇక్కడ ఒక వాదం వినాలి. నోటి పాటను ఎవరైనా తీసుకుని మార్చుకోవచ్చు, జానపద పద్ధతే అది, అని. మార్పు ఏమిటో చూద్దాం. స్కిఫిల్ రూపంలో స్నేహితుణ్ని చంపి, ఉరితాడు మెదులుతుండగా పారిపోయే హంతకుడు వచ్చి చేరాడు. కాటెన్ పాటలో హత్య లేదు, ఉరి లేదు. ఎందుకు పారిపోతున్నారో చెప్పకపోవడమే దాని బలం. కరొలైనా పిల్ల చెప్పకుండా వదిలిన కారణాన్ని లండన్‌లో నేరంతో పూరించారు. మార్చుకోవడం జానపద పద్ధతి అయితే కావచ్చు. మార్చినవాళ్లు కాపీరైటు కాగితం మీద సంతకం చేయడం మాత్రం జానపద పద్ధతి కాదు. పాట అందరిదీ అన్న వాదమూ, హక్కు మాది అన్న కాగితమూ ఒకే ఒరలో ఇమడవు. సీగర్ కుటుంబం అండతో వివాదం నడిచి, చివరికి రాజీలో రచయిత్రిగా ఆమె పేరు చేరింది.

ఈలోగా పెగ్గీ అన్న మైక్ సీగర్ టేపురికార్డరు పట్టుకుని ఆమె ఇంటికే వెళ్లి పాటలు పట్టుకున్నాడు. 1958లో ఫోక్‌వేస్ సంస్థ ఆ రికార్డు వేసింది. అప్పటికి ఆమెకు అరవై అయిదేళ్లు. చిత్రమేమిటంటే ఆప్తులు వేసిన ఆ రికార్డు శీర్షికలోనూ ‘ఫోక్‌సాంగ్స్’ అనే ఉంది. కొంతవరకు న్యాయమే. అందులో పాత భక్తిగీతాలు, ఊళ్లో నేర్చిన వాద్యరచనలు కూడా ఉన్నాయి. సొంత పాటలూ వాటిలో కలిసిపోయాయి. ‘ఓ బేబ్, ఇట్ ఎయిన్ట్ నో లై’ అలాంటిదే. పక్కింటావిడ తన మీద లేనిపోనివి అమ్మకు చెప్పి దెబ్బలు తినిపించిందన్న ఉక్రోషంతో చిన్నప్పుడు కట్టిన పాట అది. తర్వాత రాక్ గాయకుడు జెర్రీ గార్షియా దాకా ఎందరో పాడారు.

రచన ఎవరిదన్న విషయంలో కాటెన్ వైఖరి ఎలాంటిదో 1967 నాటి ‘షేక్ షుగరీ’ రికార్డు చూపిస్తుంది. శీర్షిక గీతంలో పల్లవి ఆమెది. చరణాలు మునిమనవలు పడుకునేముందు తలా ఒకటి చొప్పున కట్టినవి. ఇంట్లో వస్తువులన్నీ కుదువపెట్టిన కథ. రికార్డులో గిటారు ఆమె వాయిస్తే పాట పన్నెండేళ్ల మునిమనవరాలు పాడింది. కచేరీల్లో ఈ పాట వచ్చినప్పుడు చరణాలు పిల్లలవని ఆమె చెప్పేది. చరణాలు తనవేనని చెప్పుకుంటే కాదనేవాళ్లెవరూ లేరు. అయినా ఎవరిది వారిదని చెప్పింది. లండన్‌లో పెద్దలు చేయని పని ఇది.

1960 ప్రాంతంలో స్వార్త్‌మోర్ కాలేజీలో మైక్‌తో కలిసి మొదలైన కచేరీలు న్యూపోర్ట్ జానపద సంగీతోత్సవం మీదుగా రెండు దశాబ్దాలకు పైగా సాగాయి. చాలాకాలం ఇంటిపని మానకుండానే కచేరీలు చేసింది. 1984లో నేషనల్ హెరిటేజ్ ఫెలోషిప్ వచ్చింది. 1985లో, తొంభై రెండేళ్ల వయసులో గ్రామీ అందుకుంది. 2022లో రాక్ అండ్ రోల్ హాల్ ఆఫ్ ఫేమ్ ఆమెను తొలి ప్రభావాల వర్గంలో చేర్చింది. బిరుదులకన్నా నాకు గొప్పగా తోచేది వేరొకటి. కర్ణాటక సంగీతం నేర్చే పిల్లలకు పిళ్లారి గీతాలు ఎలాగో, వేళ్లతో గిటారు మీటడం నేర్చుకునేవాళ్లకు ఇవాళ ‘ఫ్రైట్ ట్రెయిన్’ అలాగ.

పాటల మీద, కచేరీల మీద వచ్చిన డబ్బుతో ఆమె న్యూయార్క్ రాష్ట్రంలోని సిరక్యూస్‌లో ఇల్లు కొనుక్కుని 1978లో కూతురితో, మనవలతో అక్కడికి మారింది. అప్పటికి ఎనభై అయిదేళ్లు. 1987 జూన్ 29న ఆ ఊళ్లోనే కన్నుమూసింది. కార్‌బరోలో ఆ పట్టాల పక్కన వేసిన సైకిలు బాటకు లిబ్బా కాటెన్ బైక్‌వే అని పేరు పెట్టారు.