రాజగోండుల కుటుంబ జీవనము: జైనూరు ప్రాంతము

జైనూరు పూర్వము ఆదిలాబాదు జిల్లాలోను, 2016 నుండి కుమురం భీం ఆసిఫాబాదు జిల్లాలోను చేరియున్న కొండసీమ మండలము. ఇందలి గూడెములలో రాజగోండులును, వారితోపాటు కోలాములు, ప్రధానులును చిరకాలముగా నివసించుచున్నారు. తమ్ము తాము కోయితూర్ అని చెప్పుకొను ఈ గోండుల సంసారమును ఇంటి నాలుగు గోడల నడుమనే వెదకువానికి అందు సగము మాత్రమే గోచరించును; ఏలయన వారి కుటుంబము ఒకవైపు వంశదైవమగు పెర్సాపేన్ వరకును, మరొకవైపు వంశచరిత్రను గానము చేయు ప్రధాను వరకును వ్యాపించి యున్నది.

నాలుగు, ఐదు, ఆరు, ఏడు దేవరలవారని గోండులు సగలు అను నాలుగు వంశకూటములుగా విభక్తులై యున్నారు. ఒకే సగకు చెందినవారు ఇంటిపేర్లు వేరైనను, ఒకరినొకరు ఎన్నడును చూచి యెరుగకున్నను, అన్నదమ్ములును అక్కచెల్లెండ్రునే గావున వారిలో వారికి వివాహము నిషిద్ధము. మేనరికము మాత్రము ప్రశస్తము. పెండ్లి వరుని యింట జరుగును, కన్యాశుల్కమును వరుని పక్షమువారే చెల్లింతురు. శుల్క మిచ్చుకొనలేని యువకుడు మామగారింట కొన్నియేండ్లు సేద్యపుపని చేసి పిల్లను పెండ్లాడుటయు కలదు. వితంతువు మారుమనువు చేసికొనుట దోషము కాదు. మైదానపు గ్రామములలో సంస్కర్తలు ఎంతో పోరాడి సాధింపవలసి వచ్చిన యీ స్వాతంత్ర్యము ఇచ్చట అనాదిగా ఆచారమై యుండుట మిక్కిలి గమనింపదగినది. గోండులలోని మెస్రం వంశమున క్రొత్తగా మెట్టిన కోడండ్రను పుష్య అమావాస్యకు జరుగు కేస్లాపూరు జాతరలో నాగదేవతయగు నాగోబా సన్నిధికి కొనిపోయి పరిచయము చేయుదురు. దీనికే భేటింగ్ అని పేరు.

ప్రధానులు ఇంట మరాఠీ మాటలాడుదురు గాని, యజమానుల వంశగాథలను కిక్రి యను తంత్రీవాద్యమును వాయించుచు గోండీలోనే గానము చేయుదురు. గోండు గృహమున శుభాశుభములు ప్రధానుడు లేక సాగవు. అతడు వంశపారంపర్యముగా ఆ యింటికి కట్టుబడినవాడు, అందుకు తగిన కానుకలకు హక్కుదారు.

నిజాము ప్రభుత్వముపై తిరుగబడిన గోండు నాయకుడు కుమురం భీం 1940లో జోడేఘాటున మరణించిన పిమ్మట నిజాము ప్రభుత్వము గోండుల స్థితిగతులను విచారింపదలచెను. అందుకై వచ్చిన మానవశాస్త్రవేత్త హైమెన్డార్ఫ్ జైనూరు సమీపమునందలి మార్లవాయిలో భార్య బెట్టీతో కాపురముండి వీరి జీవితమును గ్రంథస్థము చేసెను. 1943లో అచ్చటనే గోండు ఉపాధ్యాయుల శిక్షణకేంద్రము వెలసెను; గోండు బాలునికి అక్షరము తన యింటి భాషలోనే అబ్బుట ఆ కేంద్రము చేసిన మహోపకారము. 1987లో మరణించిన బెట్టీ సమాధి మార్లవాయిలోనే యున్నది.

ఆశ్వయుజమున దీపావళికి ముందు వచ్చు దండారి వీరికి పండుగయు, బంధుసమాగమమును. నెమలిపురి కిరీటముతో, ఒడలెల్ల భస్మము పూసికొన్న గుస్సాడీ నర్తకులు పండుగ ముగియువరకు స్నానము చేయరు. ఒక గూడెపు దండు వేరొక గూడెమునకు అతిథిగా పోయి, రాత్రియెల్ల నాడి, విందారగించి మరలును. ఈ రాకపోకలలోనే పెద్దలు సంబంధములు విచారింతురు, పడుచువారు ఒకరినొకరు చూచుకొందురు. ఆతిథ్యమిచ్చిన గూడెము సయితము ప్రతిగా తన దండారితో అతిథుల గూడెమునకు కదలును.