రాని రోజులు, ఉన్న గంటలు

వంటింటి క్యాలెండర్ మీద పాల లెక్క, పనామె రాని రోజులు గుర్తు పెట్టుకోవడం మా అత్తగారు నేర్పిన అలవాటు. మీ ఇంట్లోనూ ఉండే ఉంటుంది. ఉగాది నెల జీతం ఇస్తూ, రాని రెండు రోజులకు 200 తగ్గించాను. ఆమె నోట్లు లెక్కపెట్టుకుని, "రాని రోజులు రాసుకున్నారు గదమ్మా, ఎక్కువసేపు ఉన్న గంటలు ఎక్కడ రాశారు?" అంది. కోపంగా కాదు, మామూలుగానే. నాకు మాత్రం నోట మాట రాలేదు.

నిజానికి ఇది చాలా పాత ప్రశ్న. స్కాట్లాండ్‌లోని డండీ ఊళ్లో మిల్లు కుర్రాడిగా బతికిన ఒకరి కథ 1850లో పుస్తకంగా వచ్చింది. పొద్దున గడియారాన్ని ముందుకు, సాయంత్రం వెనక్కి తిప్పేవారని అందులో ఉంది. కూలీలు జేబులో గడియారం పెట్టుకోవడానికే భయపడేవారట. టైము తెలిసినవాడికి పని పోయేది మరి!

1880ల చివర్లో న్యూయార్క్ రాష్ట్రంలోని ఆబర్న్‌లో విల్లార్డ్ బండీ అనే నగల వ్యాపారి కొత్తరకం గడియారం చేశాడు. ఒక్కో పనివాడికీ ఒక్కో నంబరు తాళంచెవి. తిప్పితే ఆ నంబరు, టైము కాగితం మీద అచ్చు పడతాయి. ఆ కంపెనీ తర్వాత మరికొన్నిటితో కలిసి ఐబీఎం అయింది. గడియారం యజమానిదే అయినా, చూపించడానికి ఒక కాగితమంటూ ఉంది.

మన దేశంలో 1881 ఫ్యాక్టరీల చట్టం పిల్లల గంటలే లెక్కపెట్టింది. ఆడవాళ్లకు రోజుకు 11 గంటల హద్దు 1891లో వచ్చింది. జాలి ఒక్కటే కాదులెండి, బొంబాయి బట్ట చవగ్గా వస్తోందని మాంచెస్టర్ మిల్లుల వాళ్ల గొడవ కూడా దాని వెనక ఉంది. మగవాళ్లకైతే 1911 దాకా హద్దే లేదు, అప్పుడైనా బట్టల మిల్లుల్లో 12 గంటలు. వారానికి 60 గంటలని 1922లో, 54 అని 1934లో అన్నారు. అంబేడ్కర్ వైస్రాయ్ కౌన్సిల్‌లో కార్మిక శాఖ చూస్తున్న రోజుల్లో 8 గంటల మాట గట్టిగా ముందుకొచ్చింది. 1946లో 48 గంటలయ్యాయి. 1948 చట్టం గంటలు దాటి చేస్తే రెట్టింపు కూలి అంది.

ఇదంతా మిల్లు గేటు లోపలి సంగతి. సిరిసిల్ల, జగిత్యాల, నిజామాబాద్ వైపు బీడీలు చుట్టే ఆడవాళ్ల పుస్తకంలో గంటలుండవు, వేలుంటాయి. వెయ్యి బీడీలకు ఇంత అని కూలి. తునికాకు నానబెట్టి కత్తిరించిన సేపు, మధ్యలో పిల్లాడికి అన్నం పెట్టి మళ్లీ చేట ఒళ్లో పెట్టుకున్న సేపు ఏ కాగితం మీదా పడదు. బాగాలేవని పక్కన పడేసిన బీడీలకైతే వాటిని చుట్టిన టైము కూడా పోయినట్టే.

ఆ రాత్రి కూర్చుని లెక్క వేశాను. పండగ రోజు ఆమె 2 గంటల 20 నిమిషాలు ఎక్కువ ఉంది. చుట్టాలున్న మూడు రోజులూ గంటన్నర చొప్పున నాలుగున్నర. మొత్తం 6 గంటల 50 నిమిషాలు. దాన్ని 6.50 అని రాసి గుణించబోతే మా అమ్మాయి ఆపింది. ఆఫీసులో టైమ్‌షీట్ నింపే పిల్ల కదా! "50 నిమిషాలంటే పాయింట్ 50 కాదమ్మా, 60తో భాగించాలి, 6.83" అంది. నెలకు 3000, రోజుకు గంటన్నర పని, అంటే గంటకు సుమారు 67 రూపాయలు. 6.50 అనుకుంటే 433, సరిగ్గా వేస్తే 456. ఆ 23 రూపాయలు కూడా ఆమెవే. మిల్లు లెక్కన రెట్టింపైతే 911, కానీ ఆ చట్టం మన గుమ్మం దాకా రాదు.

మర్నాడు 456 ఇచ్చాను. రెట్టింపు ఇవ్వలేదు, అది ఇక్కడ దాచడం ఎందుకు. ఈ నెల నుంచి వెళ్లేముందు టైము ఆమె చెబుతుంది, నేను రాస్తాను. నిన్నటిది 40 నిమిషాలు.