తెరపై సీమపలుకు

రాజుల చరిత్రకు శాసనములు గలవు. కవుల చరిత్రకు కావ్యములు గలవు. వేషధారి చరిత్రకు ప్రేక్షకుల జ్ఞాపకమే ముఖ్యాధారము. నాయకపాత్రలు ధరించినవారిని లోకము తలచుచుండును. వారి ప్రక్కన నిలిచి కథను మోసినవారిని త్వరలోనే మరచును. నంద్యాల, ఆళ్ళగడ్డల నడుమనున్న శిరివెళ్ళలో జన్మించిన జయప్రకాశ్ రెడ్డిగారు మరువరాని అట్టి నటులలో నొకరు.

ఆయన గుంటూరులో గణితోపాధ్యాయులై, బాలురకు లెక్కలు చెప్పుచు, తీరిక వేళల నాటకము లాడిరి. 1988లో వెలువడిన 'బ్రహ్మపుత్రుడు' చిత్రముతో తెరపై కనబడిరి. వేషములు చాలినన్ని దొరకకపోగా మరల బడికే వెళ్ళిరి. 1997లో 'ప్రేమించుకుందాం రా', 1999లో 'సమరసింహారెడ్డి' వచ్చిన పిమ్మట ఆయన పేరు ఇంటింట వినబడెను. 2000లో వచ్చిన 'జయం మనదేరా'లోని ప్రతినాయకపాత్రకు నంది పురస్కారము లభించెను.

ఆయన కీర్తికి మూలము పలుకు. అంతవరకు తెరమీద మర్యాదస్థుల భాష యనగా కోస్తా భాషయే. 'వస్తాండాడు', 'చెప్తాండా' యను సీమవాసుల మాటను ఆయన వంకరపుచ్చక, వెక్కిరింపు చేయక, గట్టిగా పలికిరి.

అయితే ఆ పలుకు తెరకెక్కునప్పుడు చేత వేటకొడవలితోనే యెక్కెను. చూచినవారు పాత్రయందలి క్రౌర్యమును భాషకును, భాషనుండి దేశమునకును అంటగట్టిరి. ఈ పలుకే పలికిన ఉయ్యాలవాడ నరసింహారెడ్డి కుంఫిణీవారి నెదిర్చి 1847లో ఉరికంబ మెక్కెను. ఆ ఉయ్యాలవాడవాడే యగు బుడ్డా వెంగళరెడ్డి 1866 నాటి కరవులో ఆకలిగొన్నవారికి అన్నము పెట్టెను. ఆళ్ళగడ్డ శిల్పులు నేటికిని రాతిని దేవతలుగా మలచుచున్నారు. వీరి మాట యేది, తెరమీది కత్తుల మాట యేది?

తరువాతి కాలమున జయప్రకాశ్ రెడ్డిగారు ఆ యాసతోనే హాస్యపాత్రలు ధరించి జనులను నవ్వించిరి. 'అలెగ్జాండర్' అను ఏకపాత్ర నాటకమున రంగస్థలమును ఒంటరిగా నిర్వహించిరి. భయపెట్టిన పలుకే నవ్వించెనన్నచో, క్రౌర్యము పలుకులో లేదని వేరుగ నిరూపింప నక్కరలేదు.

ఆయన 2020 సెప్టెంబరు 8వ తేదీన గుంటూరులో పరమపదించిరి. సీమబాలుడు బడిలో ఇంటిమాట పలికినపుడు తోడివారు నవ్వుటయు, ఉపాధ్యాయుడు దిద్దుటయు మేము చూచుచునే యున్నాము. గ్రంథభాష నేర్పుడు, మంచిదే. తల్లి మాటకు సిగ్గుపడుట మాత్రము నేర్పకుడు. ఆ ఉపాధ్యాయనటునికి మనము చేయదగిన స్మారకము అదియే.