రాజ్యలక్ష్మమ్మగారి వాటా

వీరేశలింగం పంతులుగారి చరిత్రను మనవాళ్లు ఉపన్యాసాల చరిత్రగానే రాస్తూ వచ్చారు. వంటింటి చరిత్రగా రాసినవారు తక్కువ. నా దృష్టిలో ఇది చిన్న లోపం కాదు.

1881 డిసెంబరు 11న రాజమహేంద్రవరంలో మొదటి వితంతు వివాహం జరిగింది. దానికి జవాబుగా సనాతనులు వెలి వేశారు. వెలి అంటే ఏమిటి? వంటవాడు రాడు, నీళ్లు మోసేవాడు రాడు, బంధువు గడప తొక్కడు. శాస్త్రచర్చ పంతులుగారితో, శిక్ష మాత్రం పొయ్యి దగ్గర వున్న మనిషికి. రాజ్యలక్ష్మమ్మగారు గోదావరికి పోయి బిందెలతో నీళ్లు తెచ్చారు, పెళ్లివారికి తానే వండి వడ్డించారు. ఆ రెండు చేతులు లేకపోతే ఆ పెళ్లిపందిరి నిలిచేది కాదని నా నమ్మకం.

వారి వివాహం 1861లో జరిగింది, ఇద్దరూ పిల్లలుగా వుండగానే. బాపమ్మ అన్న పేరు కూడా అత్తవారింట రాజ్యలక్ష్మిగా మారింది. ఆ సంబంధంలో ఆమె ఇష్టాన్ని అడిగినవారెవరు? తాము ఖండించిన బాల్యవివాహమే వారిది! ఐతే అక్కడ మొదలైన దాంపత్యం వయసు మీదపడే కొద్దీ సమాన బాధ్యతగల సాహచర్యంగా మారింది. సంఘమే మార్చింది దాన్ని, ఒకరికొకరు తప్ప దిక్కులేని స్థితికి నెట్టి.

వారికి సంతానం లేదు. ఇంట్లో వున్న పిల్లలందరూ ఎవరో కన్నవారు, ఎవరో వద్దనుకున్నవారు. ముసలితనంలో కొడుకే ఆసరా అని ఊరంతా నమ్మే కాలమది. ఆ కాలంలో ఈ దంపతులు తమ ఆస్తిని హితకారిణీ సమాజానికి ఇచ్చేశారు. భర్త పోతే ఆ రోజుల్లో పిల్లలు లేని స్త్రీకి మిగిలేదేమిటో వితంతు శరణాలయం నడిపినావిడకు వేరే చెప్పాలా? తెలిసే సరేనన్నారు. ఈ త్యాగాన్ని పంతులుగారి ఖాతాలో మాత్రమే జమకట్టడం అన్యాయం.

ఆమె గురించి మనకు తెలిసినది చాలావరకు ఆయన కలం వల్లనే. కాబట్టి స్వీయచరిత్రను భర్త సాక్ష్యంగా చదవాలి, కొంచెం జాగ్రత్తగా.

తీరా వైధవ్యం ఆమెకు రాలేదు. 1910లో ఆమెే ముందు పోయారు. తోటలో ఆమె సమాధి వెలిసింది. అరవై దాటిన పంతులుగారు ఆ తర్వాత సుమారు తొమ్మిదేళ్లు ఒంటరిగా బతికారు. 1919 మే 27న మద్రాసులో, కొమర్రాజు లక్ష్మణరావుగారి ఇంట్లో కన్నుమూశారు.