తెగింది

కత్తిపీట ముందు కూర్చుని వంకాయలు తరుగుతున్న అక్క ఉన్నట్టుండి "అబ్బా, వేలు తెగింది!" అంది. పసుపు అద్దుదామని నేను, ముందు కుళాయి కింద పెట్టమని బావ వాదించుకుంటుండగా మేనకోడలు వచ్చి తల్లి చెయ్యి అందుకుంది. "ఎడమ చెయ్యి, చూపుడు వేలు. గోరుకేం కాలేదు. లోపల ఏదీ ఇరుక్కోలేదు. ఎస్61.211" అని తేల్చేసింది. నెత్తురు కారుతున్న అక్కతో సహా అందరం తెగ నవ్వాం.

ఆ పిల్ల హైదరాబాదులో మెడికల్ కోడర్. అమెరికా ఆసుపత్రుల కేసు షీట్లు చదివి, డాక్టర్లు మాటల్లో రాసిన జబ్బులనూ దెబ్బలనూ అంకెల్లోకి దించడం ఆమె ఉద్యోగం. బీమా కంపెనీ బిల్లు చెల్లించాలంటే ఆ అంకె సరిగ్గా పడాలి.

"వేలు చూడకుండా, మీ అమ్మ కేక ఒక్కటే విని కోడ్ వెయ్యగలవా?" అని అడిగాను.

"ఎలా వేస్తాను మామయ్యా? తెగింది అంటే ఎస్61 కావచ్చు, ఎస్68 కావచ్చు."

మొదటిది గాటు పడిన గాయం. రెండోది వేలే ఊడిపోవడం. రెండింటికీ మన నోట ఒకటే క్రియ.

'తెగు' చిన్న ధాతువే కానీ దాని సంసారం పెద్దది. తాడు తెగుతుంది, చెరువు గట్టు తెగుతుంది, చెప్పు తెగుతుంది. అంగట్లో బేరం తెగుతుంది. అక్కడ తెగడమంటే తేలడం. తేలకపోతే అది తెగని తగాదా. బంధుత్వం చెడితే తెగదెంపులు. ప్రాణం మీద ఆశ వదులుకున్నవాడు తెగిస్తాడు, అతనిది తెగువ. పాత పుస్తకాల్లో తెగటారడమంటే చచ్చిపోవడం. వరికి వచ్చేది అగ్గితెగులు. తెలుగు బైబిలు చదివేవాళ్లకు మనుషుల మీద పడే మహమ్మారి కూడా తెగులే. ఆ మాటలోనూ నా చెవికి తెగడమే వినిపిస్తుంది. ఇన్ని ఇళ్లు తిరిగిన ఈ క్రియ ఎక్కడా కొలత చెప్పదు. ఒకటిగా ఉన్నది ఇప్పుడు ఒకటిగా లేదు, అంతవరకే చెబుతుంది. చర్మం గీరుకున్నా తెగడమే, రెండు ముక్కలైనా తెగడమే.

కొలత కావాలంటే ఇంకో క్రియను తోడు తెచ్చుకోవాలి. 'తెగిపోయింది' అన్నా నమ్మకం లేదు, చిన్న గాటుకే పిల్లలు అలా ఏడుస్తారు. 'తెగి పడింది' అంటే ఇక సందేహం లేదు. 'తెగి వేలాడుతోంది' అంటే సగం. వేలుకు పాత రూపం వ్రేలు, వేలాడడానికి పాత రూపం వ్రేలాడడం. సగం తెగిన వేలు తన పేరునే క్రియగా చేసుకుని వేలాడుతుందన్నమాట.

కోడ్ల పుస్తకం కూడా పూర్తిగా ఊడిన వేలునూ సగం ఊడిన వేలునూ విడదీస్తుంది. అందులో ఒక నియమం ఉంది: వేలు ఊడిందని రాసిన డాక్టరు పూర్తిగానో సగమో రాయకపోతే, పూర్తిగా ఊడినట్టే లెక్కగట్టాలి. మన ఇళ్లలో దీనికి తలకిందులు. 'వేలు తెగింది' అని వినగానే చిన్న గాటే అనుకుని గుడ్డపీలిక కోసం వెతుకుతాం.

మిగతా దెబ్బల దగ్గర మన క్రియలకు ఇంత బద్ధకం లేదు. కమిలితే ఎస్60, విరిగితే ఎస్62, బెణికితే ఎస్63, తలుపు సందున నలిగితే ఎస్67. ఒక్కోదానికి ఒక్కో మాట, ఒక్కో గది. మళ్లీ చిక్కు వచ్చేది నరం దగ్గరే. స్పర్శ తెచ్చేదీ నరమే, సెలైను ఎక్కించడానికి నర్సు వెతికేదీ నరమే, వేలును ముడిచే పట్టీ లాంటి తంతువూ వాడుకలో నరమే. 'వేలి నరం తెగింది' అని పల్లెటూరి రోగి అన్నాడంటే డాక్టరు మూడు పరీక్షలు చెయ్యాలి. స్పర్శ పోతే ఎస్64, రక్తనాళం తెగితే ఎస్65, వేలు ముడుచుకోకపోతే ఎస్66.

'తెగింది'లో ఇంకో గడుసుదనం ఉంది. అందులో కర్త లేడు. అక్క 'వేలు కోసుకున్నాను' అనలేదు, తప్పు తనదీ కాదు, కత్తిపీటదీ కాదు. అదే తెగింది. కోడ్ల పుస్తకం ఇంత ఉదారంగా వదలదు. దెబ్బకు ఒక సంఖ్య వేశాక, దానికి కారణమేమిటని ఇంకో సంఖ్య ఉంటుంది. ప్రమాదవశాత్తూ కత్తి తగిలితే డబ్ల్యూ26.0. ఇంకొకరు పదునైనదానితో దాడి చేస్తే ఎక్స్99. ఎలా జరిగిందో తేలకపోతే వై28. మన వ్యాకరణంలో ఇవి తెగింది, కోశారు, ఏమో.

వేళ్ల పేర్ల సంగతీ అంతే. సంస్కృతం ఉంగరపు వేలిని అనామిక అంది, పేరు లేనిదని. కోడ్ల పుస్తకంలో అనామికకు కుడిచేతికి 4, ఎడమచేతికి 5 అని స్థిరమైన అంకెలున్నాయి. నిజమైన అనామిక అక్కడ వేరే ఉంది: 9. ఏ వేలో రాయడం మరిచిపోతే పడే అంకె అది. 2015 అక్టోబరు 1కి ముందు అమెరికాలో వాడిన పాత పుస్తకానికి ఈ పట్టింపు లేదు. మామూలుగా వేలు కోసుకుంటే 883.0, బొటనవేలు కాని వేలు ఊడితే 886.0. ఏ చెయ్యి, ఏ వేలు, సగమా, పూర్తా అని అడగడమే లేదు. ఆ పుస్తకం దాదాపు మా అక్కలాగే మాట్లాడేది.

మన క్రియకు కొలత చేతకాక కాదు. 'తెగింది' పక్కనున్నవాళ్లతో అనే మాట. విన్నవాడు లేచి వస్తాడు, చెయ్యి పట్టుకు చూస్తాడు. ఎంత తెగిందో చెప్పాల్సింది మాట కాదు, వేలే. కోడ్ చదివేవాడు ఆ వేలును ఎన్నడూ చూడడు. అందుకే అతనికి కుడి ఎడమలు, గోరు, లోతు, కారణం అన్నీ అంకెల్లో అందాలి.

మేనకోడలు హైదరాబాదు వెళ్లిపోయిన నెలకు అక్క మళ్లీ కోసుకుంది. ఫోనులో కూతురితో మామూలుగానే "వేలు తెగిందే" అంది. అవతల కోడూ లేదు, నవ్వూ లేదు. స్పీకరులో నాకూ వినబడింది.

"ఎంత తెగింది? ఏ చెయ్యి? వీడియో కాల్ చెయ్యమ్మా, చూపించు."