తంతి ఆగినచోట

తంతి వార్త మెరుపువేగముతో వచ్చేదని అంటారు. ఆ మాటలో సగమే సత్యమున్నది. కార్యాలయము గడపవరకే ఆ వేగము. అక్కడినుండి ఇంటి గుమ్మమువరకు వార్తను మోసినవి సైకిలు చక్రములు, ఒక మనిషి కాళ్ళ సత్తువ. ఆ మనిషిని గురించి మేము నాలుగు మాటలు చెప్పదలచినాము.

మన దేశములో తొలి తంతి మార్గము 1850లో కలకత్తాకు, డైమండ్ హార్బరుకు మధ్య ప్రయోగముగా వెలసినది. కృష్ణపై ఆనకట్ట పూర్తియైనది 1855లో. ఆనకట్టవలన కాలువలు, కాలువలవలన పంటలు వచ్చినవి. కాని ఆ కాలువలే ఊరికీ ఊరికీ మధ్య అడ్డముగా నిలిచినవి. బెజవాడలో తంతి బంట్రోతుకు వీథుల రద్దీ కష్టము. పామర్రు తీరు వేరు. అది బందరు రోడ్డును గుడివాడ–చల్లపల్లి దారి కలిసే కూడలి. రోడ్డు దిగితే రేగడి నేల. వానకాలములో ఆ బురద చక్రమునకు, మడ్‌గార్డుకు నడుమ బిగిసి సైకిలును కదలనీయదు. మనిషిని మోయవలసిన సైకిలును అప్పుడు మనిషే మోయవలసి వచ్చేది.

మాటకింత అని రుసుము గనుక వార్తలు పొట్టిగా ఉండేవి. “ఫాదర్ సీరియస్, స్టార్ట్ ఇమ్మీడియట్లీ” అన్న నాలుగు మాటలు ఎన్ని ఇండ్లలో పొయ్యి ఆర్పినవో! ఉద్యోగము దొరికినదన్న కబురు, పిల్ల పుట్టినదన్న కబురు కూడ ఆ ఖాకీ దుస్తులవాడే తెచ్చేవాడు. అయినా అతడు వీథి మలుపు తిరిగితే గుండెలు దడదడలాడేవి. “ఏమున్నదో చెప్పు నాయనా” అని ముసలితల్లి బ్రతిమాలినా అతడు చెప్పరాదు. వార్తలోని సంగతిని తంతి ఉద్యోగి అక్రమముగా వెల్లడించుట 1885 నాటి తంతి చట్టము ప్రకారము నేరము. సంతకమో, వేలిముద్రో తీసుకొని మరల సైకిలెక్కవలసినదే. సంచిలో మరొక ఊరి కవరు ఉండేది.

అమెరికాలో ఆండ్రూ కార్నెగీ 1849లో పిట్స్‌బర్గులో తంతి వార్తలు పంచే కుర్రవాడు. పిమ్మట ఉక్కు వ్యాపారములో కోట్లు గడించినాడు గనుక లోకము ఆ కుర్రవానిని జ్ఞాపకముంచుకొన్నది. మన డెల్టాలో అదే పనిలో తల నెరసినవారికి ఆ భాగ్యము లేదు.

2013 జూలై 14న చివరి తంతి వార్తలను స్వీకరించి ఆ సేవను విరమించినారు. నేడు ఫోనులో ఇచ్చిన ఆర్డరు క్షణములో దుకాణము చేరుచున్నది. దుకాణమునుండి మన గుమ్మమునకు ఎండలో, వానలో తెచ్చువాడు మాత్రము మనిషే. యంత్రపు వేగమును మెచ్చుకొనునప్పుడు, ఆ వేగము ఎక్కడ ఆగినదో, అక్కడినుండి ఎవరు మోసినారో కూడ లెక్కలోనికి తీసికొనవలెనని మా మనవి.